బొబ్బిలిలో మా లోకం

మైన్‌క్రాఫ్ట్ ఆటలో మేం ముగ్గురం కలిసి కట్టుకున్న లోకం మొన్నమొన్నటిదాకా అద్దె సర్వర్‌లో ఉండేది. ముంబైలో ఎక్కడో డేటా సెంటర్. నెలనెలా డబ్బు కట్టాలి, మానేస్తే కొన్నాళ్లు చూసి ఫైళ్లు తుడిచేస్తారు. ఒక నెల డల్లాస్‌లో ఉన్న మిత్రుడి కార్డు గడువు తీరి చెల్లింపు ఆగిపోయింది. హెచ్చరిక మెయిలు వచ్చింది. ఆ రాత్రే బొబ్బిలి మిత్రుడు లోకం ఫోల్డర్ అంతా తన కంప్యూటర్లోకి దింపేసుకుని గ్రూపులో వాయిస్ మెసేజ్ పెట్టాడు: "ఇంక అద్దెలూ గిద్దెలూ వద్దురా. లోకం మా ఇంట్లోనే ఉంటాది. మీరు నేరుగా మా ఇంటికే వచ్చీండి."

నేరుగా వెళ్లడం మాకు కొత్త కాదు. కాకినాడలో ఇంజనీరింగ్ చదివే రోజుల్లో హాస్టల్ వరండా పొడవునా నీలం రంగు నెట్‌వర్క్ వైర్లు కిటికీల్లోంచి కిటికీల్లోకి పాకి ఉండేవి. అన్నీ ఒక చిన్న స్విచ్ దగ్గర కలిసేవి. ఎవడో ఒకడు కౌంటర్ స్ట్రైక్ తెరిచి "నాది 192.168.1.14, రండ్రా" అని కేకేసేవాడు. ఆ అంకెలు కొడితే వాడి ఆటలో ఉండేవాళ్లం. మధ్యలో కంపెనీ లేదు, ఖాతా లేదు, ఎవరి పక్కన ఎవర్ని కూర్చోబెట్టాలో నిర్ణయించే యంత్రం లేదు. వాడికి నిద్రొచ్చి కంప్యూటర్ కట్టేస్తే అందరి ఆటా ముగిసేది. ఆట ఫలానా వాడి గదిలో ఉంది, మనం అక్కడికి వెళ్లాం అన్న ఎరుక అందరికీ ఉండేది. ఆన్‌లైన్ ఆటలు ఎన్నో ఆడాను కానీ ఆ ఎరుక మళ్లీ ఎక్కడా దొరకలేదు. అందుకే వాడి మెసేజ్ వినగానే ప్రాణం లేచొచ్చింది.

సర్వర్ వాడి ఇంట్లో చక్కగా నడిచింది. వాడి లాప్‌టాప్ నుంచీ, బడికి వెళ్లే మేనకోడలి లాప్‌టాప్ నుంచీ లోపలికి వెళ్లగలుగుతున్నారు. హైదరాబాదు నుంచి నేను మల్టీప్లేయర్ తెరిచి, డైరెక్ట్ కనెక్షన్ నొక్కి, వాడు పంపిన అడ్రసు కొడితే మాత్రం కాసేపు తిరిగి తిరిగి 'కనెక్షన్ టైమ్‌డ్ అవుట్' అని ఆగిపోతోంది. డల్లాస్‌లోనూ అంతే. కొన్ని ఆదివారాలు వీడియో కాల్‌లోనే గడిచిపోయాయి. వాడు కెమెరా తీసుకెళ్లి రౌటర్ ముందు పెడతాడు. నాకు పచ్చ దీపాలు తప్ప ఇంకేం కనపడవు. చివరికి వస్తున్నానని చెప్పి గోదావరి ఎక్స్‌ప్రెస్ ఎక్కాను.

హైదరాబాదుకూ విశాఖకూ మధ్య 1974 నుంచి తిరుగుతున్న బండి అది. సాయంత్రం నాంపల్లిలో ఎక్కితే తెల్లవారేసరికి విశాఖలో దింపుతుంది. కిటికీ పక్క సీటు దొరికింది. కాజీపేట దాటేదాకా బయట చీకట్లోకి చూస్తూ కూర్చున్నాను. పట్టాల పక్కనే నేలలో ఫైబర్ పోతూ ఉంటుంది. రైల్వేలకు చెందిన రైల్‌టెల్ సంస్థ 2000లో పుట్టినప్పటి నుంచీ దేశమంతటా పట్టాల వెంట వేసుకుంటూ వచ్చిన తీగ. గాజు తీగలో కాంతి సెకనుకు దాదాపు 2 లక్షల కిలోమీటర్లు పోతుంది. విశాఖకు రైలు దారి సుమారు 700 కిలోమీటర్లు. కాంతికి మూడున్నర మిల్లీసెకన్ల పని, నాకు రాత్రంతా ప్రయాణం. కాబట్టి మా లోకానికి అడ్డం పడుతున్నది దూరం కాదు. దారిలో ఎవరో తలుపు మూశారు, ఆ తలుపెక్కడుందో చూడాలి.

విశాఖలో దిగి రాయపూర్ లైను మీద వెళ్లే బండి పట్టుకున్నాను. విజయనగరం దాటాక లైను సముద్రాన్ని వదిలేసి కొండల వైపు తిరుగుతుంది. తాటిచెట్లు, మామిడి తోటలు, ఎడమ పక్కన నీలంగా తూర్పు కనుమలు. గజపతినగరం, కోమటిపల్లి... స్టేషన్లు చిన్నవవుతూ వచ్చాయి. ఒక్కో ఊరి బయటా ఒక సెల్ టవర్. కరెంటు స్తంభాల మీద నుంచి నల్లటి కేబుల్ ఇళ్లలోకి దిగుతోంది. ఒకప్పుడు టీవీ చానెళ్ల కోసం లాగిన కేబులే ఇప్పుడు ఇంటర్నెట్ కూడా మోస్తోంది. ఈ ఊళ్లలో నెట్ కనెక్షన్ అంటే చాలామందికి పాత కేబుల్ టీవీ అబ్బాయే.

బొబ్బిలి స్టేషన్ బయట మిత్రుడు బండి మీద కాసుకుని ఉన్నాడు. "ఏట్రా, ఇలగ చిక్కిపోనావు?" అని మొదటి మాట. ఇంటికెళ్లేసరికి వాళ్లమ్మగారు గుమ్మంలోనే ఎదురొచ్చి, "రా నాన్నా, కాళ్లు కడుక్కో. రాత్రేటి తిన్నావో ఏటో" అని లోపలికి తీసుకెళ్లారు. మధ్యాహ్నానికి ఆవ పెట్టిన పనసపొట్టు కూర. అన్నం వడ్డిస్తూ ఆవిడ అడిగారు: "ఆట కోసరమే ఇంత దూరం వచ్చినావా బాబూ?" అవునన్నాను. ఆట కోసమూ, మేం ఏళ్లుగా కట్టుకున్నది వీడి ఇంట్లో ఉంది, అది చూడటానికీ అని చెప్పాను. ఆవిడకు అది వింతగా తోచలేదు. "మరి చూడూ, ఆ మూలనుంది" అని నడిమి గది వైపు చూపించారు.

బియ్యం డ్రమ్ముకూ కుట్టుమిషన్‌కూ మధ్య, గోడకు ఆనుకుని ఒక పాత డెస్క్‌టాప్. వాళ్ల జిరాక్స్ షాపులో కొన్నేళ్లు పనిచేసి రిటైరైన యంత్రం. మానిటర్ లేదు, కీబోర్డు లేదు; పక్కన ఇన్వర్టర్ బ్యాటరీ మాత్రం ఉంది. ఉబుంటు వేసి, జావా ఎక్కించి, 8 జీబీ మెమరీలో సగం ఆటకు కేటాయించాడు. ఫ్యాన్ సన్నగా తిరుగుతోంది. దాని మీద చెయ్యి ఆనించాను, వెచ్చగా తగిలింది. మేం తవ్విన గనులూ, కట్టిన వంతెనలూ, డల్లాస్ వాడు అమెరికా వెళ్లిన కొత్తలో ఒంటరిగా కూర్చుని కట్టిన ఆ పెద్ద లైట్‌హౌసూ అన్నీ ఇందులో ఉన్నాయి. డేటా సెంటర్లో ఉన్నప్పుడు ఈ లోకం ఎక్కడుంది అన్న ప్రశ్న నాకెప్పుడూ రాలేదు. ఇక్కడ దానికి ఒక గది ఉంది, ఒక స్విచ్చు ఉంది, పొద్దున్నే దాని మీద దుమ్ము తుడిచే తల్లి ఉంది.

సాయంత్రం పనిలోకి దిగాం. నెట్‌వర్క్‌లో ఉన్న ప్రతి కంప్యూటర్‌కూ 65,535 పోర్టులుంటాయి. వచ్చేవాళ్లు ఏ పోర్టు తట్టాలో ఒక్కో ఆట ముందే నిర్ణయించుకుంటుంది. కౌంటర్ స్ట్రైక్‌ది 27015, మైన్‌క్రాఫ్ట్ జావా ఎడిషన్‌ది 25565. మిత్రుడు రౌటర్‌లో పోర్ట్ ఫార్వర్డింగ్ పెట్టే ఉంచాడు: 25565 మీద ఎవరు వచ్చినా ఈ డెస్క్‌టాప్‌కు పంపు అని. అంతా సరిగ్గానే ఉంది. రౌటర్ పేజీలోకి వెళ్లి, దానికి బయటి నుంచి వచ్చిన అడ్రసు చూశాం. 100.70తో మొదలవుతోంది. అప్పుడు అర్థమైంది తలుపెక్కడ మూసుకుందో. అది మా ఇంట్లో లేదు.

ఇంటర్నెట్ కట్టినప్పుడు అడ్రసులకు 32 బిట్లు చాలనుకున్నారు. అంటే సుమారు 430 కోట్ల అడ్రసులు. మనుషుల కంటే తక్కువ. ప్రపంచానికంతటికీ వాటిని పంచిపెట్టే కేంద్ర సంస్థ దగ్గర నిల్వ 2011 ఫిబ్రవరి 3న అయిపోయింది. ఆ ఏప్రిల్‌కు మన ఆసియా పసిఫిక్ ప్రాంతానికి మిగిలినవి కూడా రేషన్‌లోకి వెళ్లిపోయాయి. మనదేశంలో ఊరూరా ఇంటింటికీ నెట్ వచ్చింది ఆ తర్వాతే. మరి అన్ని ఇళ్లకు అడ్రసులు ఎక్కడివి? ఒక అడ్రసు వెనక వందల ఇళ్లను పెట్టడం మొదలైంది. 2012లో 100.64 నుంచి 100.127 వరకు ఉన్న అంకెల్ని సరిగ్గా ఈ పనికే కేటాయించారు; నెట్ కంపెనీ లోపలి వాడకానికి తప్ప బయటి లోకానికి అవి కనపడవు. పెద్ద అపార్ట్‌మెంట్‌కు ఒకటే డోర్ నంబరుండి, ఫ్లాట్ నంబర్లు వాచ్‌మన్‌కు తప్ప ఎవరికీ తెలియకపోతే ఎలా ఉంటుందో అలా. లోపలివాళ్లు బయటకు వెళ్లొచ్చు, వాళ్లు రమ్మన్నది లోపలికి వస్తుంది. తనంతట తానుగా వచ్చిన చుట్టం మాత్రం గేటు దగ్గరే ఆగిపోతాడు. నేను హైదరాబాదు నుంచి కొట్టిన ప్రతిసారీ అక్కడే ఆగిపోయాను.

దీన్ని చాలామంది గమనించరు. వీడియోలు చూడటానికి, మెసేజ్‌లు పంపడానికి అడ్డేమీ లేదు. మన ఇంటికి ఎవరైనా రావాలనుకున్నప్పుడే తెలుస్తుంది, మనకు ఇంటర్నెట్‌లో ఇల్లు లేదని. కోట్లమందికి నెట్ వచ్చింది కానీ, చూసేవాళ్లుగా వచ్చింది, పిలిచేవాళ్లుగా రాలేదు. నాకు ఇది చిన్న విషయం అనిపించదు. బొబ్బిలిలో ఒక మనిషి తన గదిలో ఒక లోకం నడపగలడు, దానికి డబ్బూ పెద్దగా అక్కర్లేదు, ఆ పాత జిరాక్స్ షాపు కంప్యూటర్ చాలు. వాడి దగ్గరికి స్నేహితులు రావడానికి మాత్రం మళ్లీ ముంబైలోనో సింగపూర్‌లోనో అద్దె కట్టాలంటే బాధగా ఉంటుంది.

మర్నాడు కేబుల్ కుర్రాడికి ఫోన్ చేస్తే బండి మీద వచ్చాడు. ఆట సంగతి అతనికి తెలియదు కానీ రోగం మాత్రం వెంటనే పట్టేశాడు. "సార్, స్టాటిక్ ఐపీ కావాలి మీకు. సీసీ కెమెరాలు ఫోన్లో చూసుకోడానికి షాపులోళ్లు తీసుకుంటారు. పైనుండి అడగాలి, నెలకి ఎక్స్‌ట్రా పడతాది" అన్నాడు. ఎంత ఎక్స్‌ట్రా అని అడిగితే చెప్పిన అంకె పాత అద్దె కంటే తక్కువేం కాదు. మిత్రుడి మొహం చూసి అతనే ఇంకో మాట అన్నాడు: "కొత్త ఐపీ ఉందిగా సార్, వీ6. ఈ మధ్యనే మా లైన్లో ఆన్ చేసినారు. అదైతే అందరికీ వేరువేరుగా వస్తాది. నేనెప్పుడూ వాడి చూడనేదు గానీ..."

ఐపీవీ6 అడ్రసు 128 బిట్ల పొడవు. కొరత అన్న మాటే ఉండదు; ఇంట్లో ఉన్న బల్బుకు కూడా సొంత అడ్రసు ఇవ్వొచ్చు. ఈ విషయంలో భారతదేశం ప్రపంచంలో ముందు వరసలో ఉంది. 2016 తర్వాత మొబైల్ డేటా ఒక్కసారిగా ఇంటింటికీ చేరినప్పుడు పాత అడ్రసులు దొరక్క కొత్తవే ఇవ్వాల్సి వచ్చింది. పేదరికం వల్ల పాత మేడ దాటేసి కొత్త ఊళ్లో ఇల్లు కట్టుకున్నాం. రౌటర్ పేజీలో చూస్తే నిజంగానే ఉంది. డెస్క్‌టాప్‌కు తన సొంత అడ్రసు వచ్చి కూర్చుంది, ఎవరితోనూ పంచుకోనిది. రౌటర్ ఫైర్‌వాల్‌లో ఆ ఒక్క యంత్రానికి, ఆ ఒక్క పోర్టుకు అనుమతి ఇచ్చాం. ఉబుంటు ఫైర్‌వాల్‌లోనూ అంతే. వైట్‌లిస్ట్ ఆన్ చేసి అందులో మా పేర్లు మాత్రమే ఉంచాం. తలుపు వీధిలోకి తెరిచినప్పుడు ఎవరు రావచ్చో ముందే రాసిపెట్టుకోవడం తప్పనిసరి. ఇంటర్నెట్‌లో తెరిచిన పోర్టుల కోసం రాత్రింబవళ్లు వెతికే యంత్రాలున్నాయి.

ఇంట్లో కూర్చుని పరీక్షిస్తే ఏమీ తేలదు, బయటి నుంచే తట్టాలి. లాప్‌టాప్ సంచిలో పెట్టుకుని బండి మీద యుద్ధస్తంభం దగ్గరికి వెళ్లాం. 1757 జనవరి 24న బొబ్బిలి కోట మీదికి విజయనగరం రాజూ, బుస్సీ ఫ్రెంచి ఫిరంగులూ వచ్చిన చోటు. చిన్నప్పటి నుంచి కథగా విన్న చోట నిలబడితే ఒళ్లు గగుర్పొడిచింది, ఎండ మాడుతున్నా కాసేపు అక్కడే ఉండిపోయాను. తర్వాత నీడలో కూర్చుని ఫోన్ హాట్‌స్పాట్ ఆన్ చేశాను. డైరెక్ట్ కనెక్షన్. చదరపు బ్రాకెట్ల మధ్య ఆ పొడుగాటి అడ్రసు, చివర 25565. నొక్కాను.

వెంటనే లోపల ఉన్నాను.

మొదట ఆకాశం వస్తుంది. తర్వాత కాళ్ల కింద నేల, పదహారు మీటర్లకు పదహారు మీటర్ల గడులుగా చుట్టూ అమరుతూ దూరం వరకు పరుచుకుంటుంది. మా బావి, వేపచెట్టు అనుకుని నాటిన ఓక్ చెట్టు, మిత్రుడు కట్టిన రైల్వే స్టేషన్. ఇంట్లో ఉన్న మేనకోడలు అప్పటికే లోపల ఉంది, నన్ను చూసి ఎగిరెగిరి దూకింది. పక్కనే కూర్చున్న మిత్రుడు నా చెయ్యి గట్టిగా పట్టుకున్నాడు.

పింగ్, అంటే తట్టిన తట్టు వెళ్లి తిరిగి రావడానికి పట్టే సమయం, చూస్తే 46 మిల్లీసెకన్లు. ఆ ఇల్లు నేను కూర్చున్న చోటికి మహా అయితే రెండు కిలోమీటర్లు. ఆ దూరానికి అంత సమయం ఎందుకు పడుతుందంటే, నా ఫోన్ ఒక కంపెనీది, ఆ ఇంటి కేబుల్ ఇంకో కంపెనీది, ఆ రెండూ బొబ్బిలిలో కలవవు. చెన్నైలోనో ముంబైలోనో హైదరాబాదులోనో పెద్ద ఎక్స్‌ఛేంజ్‌లలో కలుస్తాయి. దేశంలోని కంపెనీలు విదేశాల మీదుగా పోకుండా ఇక్కడే కలుసుకోవాలని 2003లో నిక్సీ అనే సంస్థను పెట్టారు. అంతకుముందు పక్కింటికి పంపింది కూడా ఒక్కోసారి సముద్రం దాటి తిరిగొచ్చేది. ఇప్పుడు ఆ బాధ లేదు, కానీ బొబ్బిలి నుంచి బొబ్బిలికి వెళ్లాలంటే ఇంకా మహానగరం దాకా వెళ్లి రావాల్సిందే.

ఆ సాయంత్రం నేను లోకం లోపల ప్రయాణం చేశాను. ఎన్నాళ్లుగానో వాయిదా వేసుకున్నది. మైన్‌క్రాఫ్ట్‌లో ఒక ఘనం ఒక మీటరు. కేంద్రం నుంచి ఏ దిక్కుకైనా దాదాపు 3 కోట్ల మీటర్లు లోకం ఉంటుంది. మామూలు నడక సెకనుకు 4.3 మీటర్లు కాబట్టి తిండీ నిద్రా లేకుండా నడిచినా అంచు చేరడానికి 80 రోజులు పడుతుంది. కర్ట్ జె మాక్ అనే అమెరికన్ 2011 మార్చిలో ఆట పాత వెర్షన్‌లో, 1.25 కోట్ల మీటర్ల దూరంలో నేల ముక్కలు ముక్కలుగా చెదిరిపోయే చోటికి కాలినడకన బయల్దేరి, పిల్లల ఆసుపత్రులకు విరాళాలు పోగుచేస్తూ ఏళ్ల తరబడి నడిచాడు. నాకు అంత దూరం అక్కర్లేదు. మా స్టేషన్ నుంచి ఉత్తరాన మిత్రుడు వేసిన లైను చివరిదాకా వెళ్లాలి, అంతే.

తోపుడు బండిలా చిన్నగా ఉండే మైన్‌కార్ట్ ఎక్కాను. కరెంటు పట్టాల మీద అది సెకనుకు 8 మీటర్లు పోతుంది. పచ్చిక మైదానం, తర్వాత బిర్చ్ అడవి, ఒక నది మీద రాతి వంతెన. స్టేషన్లకు పేర్లు రాయలేదు వాడు, ఒక్కోదానికి ఒక్కో రంగు ఉన్నితో గోపురం కట్టాడు. పసుపు గోపురం దగ్గర దిగితే గోధుమ పొలం. సగం మొలకలుగానే ఉంది. ఎన్నాళ్ల కిందట నాటాడో! ఈ ఆటలో మనిషి దగ్గర్లో లేని చోట పైరు ఎదగదు. మిత్రుడు ఇటు రాక చాలాకాలమైంది, అప్పటి నుంచి ఆ మొలకలు అలాగే ఆగి ఉన్నాయి. నేను కంచె పక్కన నిలబడి చూస్తుండగా ఒక్కో గడి లేతాకుపచ్చ నుంచి ముదురుకు తిరగడం మొదలైంది. ఈ మధ్య, 2024 చివరి నుంచి వచ్చిన వెర్షన్లలో అయితే, లోపల ఎవరూ లేకపోతే నిమిషం చూసి సర్వర్ లోకం మొత్తానికి కాలాన్నే ఆపేస్తుంది. ఎవరో ఒకరం వెళ్తేనే అక్కడ పొద్దు తిరుగుతుంది. ఆట రూపొందించినవాళ్లు కంప్యూటర్ శ్రమ తగ్గించడానికి చేసిన ఏర్పాటు అది. నాకు మాత్రం స్నేహితుడి ఇంటికి వెళ్లిరావడానికి అంతకంటే మంచి కారణం ఇంకొకటి కనపడదు.

లైను చివర వాడు నాకు చెప్పకుండా దాచింది ఉంది. బొబ్బిలి పక్కనే గొల్లపల్లి. పనస మొద్దును తొలిచి వీణలు చేసే ఊరు. మిత్రుడు ఆ వీధిని కట్టాడు. చివరి ఇంట్లో నోట్ బ్లాకులు వరసగా పేర్చాడు, ఒక్కోటీ ఉన్ని మీద. ఉన్ని మీద పెట్టిన నోట్ బ్లాక్ తీగ వాద్యంలా పలుకుతుంది. ఆ బ్లాక్‌ను ఒక్కో నొక్కుకు ఒక్కో స్వరం చొప్పున పెంచుతూ 24 సార్లు నొక్కితే రెండు స్థాయిలు పూర్తవుతాయి. వీణకు కూడా 24 మెట్లే. వాడు దాన్ని గమనించి, మెట్టుకొక బ్లాక్ చొప్పున 24 పేర్చాడు. మాయామాళవగౌళలో సరళీ వరసలు మొదటిది వాయించాను, తప్పులు లేకుండా వచ్చేదాకా. పక్కగదిలో అమ్మగారు విని, "ఎవరు పాడతన్నారు?" అని అడిగారట.

మర్నాడు పొద్దున్న నిజం గొల్లపల్లికి వెళ్లొచ్చాం. అక్కడ చూసింది వేరే వ్యాసానికి సరిపడా ఉంది.

ఆ రాత్రి డల్లాస్ మిత్రుడు వచ్చాడు. వాడికి అప్పుడు ఉదయం. వాడి ఇంటి నెట్‌లోనూ కొత్త అడ్రసులు ఉండటం కలిసొచ్చింది, మొదటి తట్టులోనే తలుపు తెరుచుకుంది. పింగ్ 270. అట్నుంచి కాంతి సముద్రాల కింద కేబుళ్లలో వచ్చి చెన్నైలోనో ముంబైలోనో ఒడ్డెక్కి, కొండల పక్క ఈ ఊరి దాకా వచ్చి తిరిగి వెళ్లాలి. ఎంత వేగంగా ఉన్నా ఆ దూరం ఆ దూరమే. ఆ కేబుళ్లు ఎంత సున్నితమైనవో 2025 సెప్టెంబరులో తెలిసింది. జెడ్డా దగ్గర ఎర్ర సముద్రంలో కొన్ని తెగితే ఇక్కడి దాకా నెట్ మందగించింది. ఆటలో 270 మిల్లీసెకన్లంటే ఏమిటో చెబుతాను. క్రీపర్ అనే ఆకుపచ్చ ప్రాణి దగ్గరికొచ్చి బుసకొట్టిన ఒకటిన్నర సెకన్లకు పేలుతుంది. మాకు పరుగెత్తడానికి ఆ ఒకటిన్నర సెకన్లూ ఉంటాయి. డల్లాస్ వాడికి అందులో దాదాపు అయిదో వంతు దారిలోనే పోతుంది. అందుకని గనిలోకి దిగినప్పుడు వాణ్ణి మధ్యలో పెట్టుకుని నడిచాం. ముందు మిత్రుడు కాగడాలు పెడుతూ, వెనక నేను కత్తితో. ఎవరూ అలా చేద్దామని అనలేదు.

వాడు లైట్‌హౌస్ ఎక్కి చాలాసేపు ఉన్నాడు. "ఇది ఇప్పుడు మీ నడిమి గదిలో ఉందిరా?" అని అడిగాడు. "కుట్టుమిషన్ పక్కనే" అన్నాడు బొబ్బిలి వాడు. ఫోన్ తీసుకెళ్లి ఆ మూలను వీడియోలో చూపించాడు కూడా.

తిరుగు ప్రయాణంలో విశాఖ నుంచి పగటి బండి ఎక్కాను. 2023 సంక్రాంతి నాడు మొదలైన వందేభారత్. సీటు దగ్గర చార్జింగ్ ఉంది, బల్ల ఉంది. లాప్‌టాప్ తెరిచి ఫోన్ నెట్‌తో లోపలికి వెళ్లాను. బయట అనకాపల్లి, తుని. లోపల మేనకోడలు నాకు చూపించాలనుకున్న గుహలు. బండి గంటకు వంద కిలోమీటర్లు దాటి పోతుంటే ఫోన్ ఒక టవర్ నుంచి ఇంకో టవర్‌కు మారుతూనే ఉంటుంది, అయినా అడ్రసు మారదు. ఆ అడ్రసు టవర్‌ది కాదు, వెనక ఎక్కడో ఉన్న గేట్‌వేది. సిగ్నల్ పోయి కాసేపు సమాధానం రాకపోతే మాత్రం సర్వర్ బయటకు పంపేస్తుంది. రాజమండ్రి వంతెన మీద ఆట ఆగలేదు. గోదావరి చూడటానికి నేనే ఆపాను. విజయవాడ దాటాక పొలాల మధ్య ఒకచోట పోయింది, మళ్లీ వెళ్లాను. తెలంగాణలోకి ఎప్పుడు వచ్చానో ఫోన్‌కు తెలియలేదు. టెలికాం లెక్కలో రెండు రాష్ట్రాలూ ఇంకా ఒకటే సర్కిల్. వరంగల్ వచ్చేసరికి గుహలన్నీ చూసేశాం.

హైదరాబాదు చేరిన కొన్నాళ్లకే బొబ్బిలిలో గాలివాన. కరెంటు పోయి ఇన్వర్టర్ కూడా దిగిపోయింది. తిరిగి వచ్చాక రౌటర్ కొత్త అడ్రసు తెచ్చుకుంది, పాతది పనిచేయలేదు. అలా జరుగుతుందని ముందే అనుకున్నాం కాబట్టి, అడ్రసు మారిన ప్రతిసారీ ఒక స్థిరమైన పేరుకు దాన్ని అంటించే చిన్న స్క్రిప్ట్ రాసి డెస్క్‌టాప్‌లో పెట్టాం. ఇప్పుడు అంకెల బదులు ఆ పేరు కొడితే చాలు. రోజూ తెల్లవారుజామున లోకం కాపీ ఒకటి నా దగ్గరి హార్డ్‌డిస్క్‌కు వస్తుంది, బొబ్బిలిలో ఏ ప్రమాదం జరిగినా లైట్‌హౌస్ పోకూడదని.

మేనకోడలు ఇప్పుడు తన క్లాసు పిల్లల్ని కూడా రానివ్వమంటోంది. వైట్‌లిస్ట్‌లో పేరు చేర్చడం ఒక్క లైను పని. మిత్రుడు ఆలోచించి ఒక నియమం పెట్టాడు: ముందు ఆ పిల్లలు ఇంటికి రావాలి, అమ్మగారికి కనపడాలి, నడిమి గదిలో కూర్చుని ఒకసారి ఆడాలి. ఆ తర్వాతే పేరు చేరుతుంది, ఆ తర్వాత వాళ్లింటి నుంచి ఎప్పుడైనా రావచ్చు. శనివారాలు కొందరు వచ్చి వెళ్తున్నారట. వాళ్లు తూర్పు వైపు కొత్త లైను మొదలుపెట్టారు, రెండో స్టేషన్ గోపురానికి ఎర్ర ఉన్ని తక్కువైందని నిన్న నాకు కబురొచ్చింది.